చిన్న గొడవకు వేరు కుంపటి

కొన్నేళ్ల కిందట తిరుపతిలో మా ఇంటికి దగ్గర్లోని ఒక కూడలి పేరు మీద గొడవైంది. ఒక వర్గం వాళ్లు తమ పెద్దాయన పేరు బోర్డు మీద రాయించారు. రెండో వర్గం రాత్రికి రాత్రి దాని మీద రంగు పూయించింది. పదకొండు రోజులు ధర్నాలు, ఫ్లెక్సీలు, జిల్లా పేపర్లలో ఫొటోలు. పన్నెండో రోజు బోర్డు పీకేసి, ఉత్త కమ్మీ మాత్రం ఉంచారు. అంతటితో అయిపోయింది.

నేను అప్పటికి నాలుగేళ్లుగా తెలుగు వికీపీడియాలో రాస్తున్నాను. చెయ్యి ఊరుకోదు కదా. ఐదో రోజుకే ఆ కూడలి పేరు పెట్టి, పక్కన "వివాదం" అని తగిలించి, ఒక పేజీ మొదలుపెట్టాను. పోనుపోను పద్నాలుగు మూలాలు, అంటే రాసినదానికి ఆధారంగా చూపే వార్తలూ వ్యాసాలూ, ఇచ్చాను. పేజీ కింద వరుసగా ఆ అంకెలు చూసుకుంటుంటే భలే తృప్తిగా ఉండింది.

ఏడాదిన్నర తర్వాత బాలాజీ కాలనీలో టీ తాగుతుంటే ఒక కుర్రాడు వచ్చి పక్కన నిలబడ్డాడు. ఎవరో నన్ను చూపించి పంపారట.

"అన్నా, ఆ బోర్డుకు రంగు పూసింది నేనే. మేస్త్రీ పూయమన్నాడు, పూసినా. నాకు ఆ గొడవేందో కూడా తెల్దు. ఇప్పుడు పెళ్లి సంబంధమోళ్లు ఫోన్లో నా పేరు కొట్టి చూసినారంట. నీ పేజీ వచ్చిందంట. తీసేయరాదా అన్నా?"

అతని పేరు పేపర్లో వచ్చింది కాబట్టే రాశాను. రాసిందాంట్లో అబద్ధం లేదు. నియమం ప్రకారం మూలం ఉంది. అయినా ఏం చెప్పాలో తోచక, "కూర్చో తమ్ముడూ, టీ తాగు" అన్నాను. ఆ రాత్రి ఇంటికొచ్చి, అసలు ఆ పేజీ ఉండాల్సిందేనా అని మొదటిసారి సరిగ్గా ఆలోచించాను. ముందే చేయాల్సిన పని.

చాలామంది అనుకునేది ఏమిటంటే, జరిగింది నిజమైతే వికీలో పేజీ పెట్టొచ్చని. పేజీ తీసేయమంటే "అయితే జరగలేదంటావా?" అని మీదికి వస్తారు. జరిగిందా లేదా అన్నది వేరే ప్రశ్న. నిన్న మా వీధిలో నీళ్ల ట్యాంకర్ దగ్గర కొట్టుకున్నారు. అదీ జరిగింది. వికీ అడిగేది విషయ ప్రాముఖ్యత. ఆ సంగతితో సంబంధం లేని, నమ్మదగిన వాళ్లు, దాని గురించి ఒకటి రెండు ముక్కలు కాకుండా కాస్త వివరంగా రాశారా అన్నదే అక్కడ లెక్క. గొప్పదా, చెడ్డదా, మనకు కోపం తెప్పించిందా అన్నవి లెక్కలోకి రావు.

ఇక్కడ తెలుగు వికీకి కొత్తగా వచ్చినవాళ్లు ఒకటి చూసి కంగు తింటారు. మూడొందల గడప లేని పల్లెకు కూడా పేజీ ఉంటుంది. జనాభా లెక్కల్లో ఉన్న ఊళ్లకు వరసబెట్టి పేజీలు పెట్టుకుంటూ వచ్చిన వికీ ఇది. మరి ఊరు ఊరంతా అట్టుడికిపోయిన గొడవకు పేజీ వద్దంటారేం? ఊరికి జనాభా, విస్తీర్ణం, పంటలు, బడి, గుడి ఉంటాయి. ఇంకో యాభై ఏళ్లకూ ఎవరో ఒకరు వచ్చి ఆ వివరాలు సరిదిద్దుతారు. గొడవకు పన్నెండో రోజు తర్వాత చేర్చడానికి ఏమీ ఉండదు. "వికీపీడియా వార్తాపత్రిక కాదు" అనే నియమం పుట్టిందే అందుకు. నాకు ఆ నియమం ముందే తెలుసు. ఇతరుల పేజీల మీద వాడుతుండేవాణ్ణి కూడా.

ఆ రాత్రి నా పద్నాలుగు మూలాలను మళ్లీ తెరిచాను. కత్తిరించి దాచుకున్న పేపరు ముక్కలన్నీ నేల మీద పరిచాను. అయిదింటిలో ఉన్నది ఒకటే సంగతి, ఒకే వరసలో, ఒకే మాటల్లో. అది గొడవలో ఒక పక్షం ఆఫీసు నుంచి వచ్చిన ప్రెస్ నోట్. "సంయమనం" అనే మాటను "సంయమణం" అని ఎవరో టైపు చేస్తే, ఆ తప్పు మూడు పేపర్లలో యథాతథంగా అచ్చయింది. నేను దాన్ని అయిదు మూలాలుగా లెక్కపెట్టుకున్నాను. అది ఒకటి, అదీ గొడవలో భాగస్వామి రాసింది. ఇంకో నాలుగు ఒకే విలేకరి వరసగా పంపినవి: ఉదయం ధర్నా, సాయంత్రం ధర్నా. రెండు, అవే వార్తలకు వెబ్‌సైటు కాపీలు. మరో రెండు, చెరో వర్గం నాయకుడి ప్రకటనలు.

మిగిలింది ఒక్కటి. ఆదివారం సంచికలో ఒక రిటైర్డ్ టీచరు తిరుపతి వీధుల పేర్ల గురించి రాసిన వ్యాసం. అందులో మా కూడలి గురించి రెండు వాక్యాలున్నాయి.

మూలాలను లెక్కపెట్టడం కాదు, తూకం వేయడం అంటే ఇదే. మన దగ్గర ఇంకో చిక్కు ఉంది. ఏ పేపరు ఏ పార్టీ వైపో పాల ప్యాకెట్లు వేసే అబ్బాయిక్కూడా తెలుసు. ఒక గొడవను ఒక పేపరు మొదటి పేజీలో పరిచి, రెండోది పూర్తిగా మింగేస్తే, ఆ మొదటి పేజీ చూసి ప్రాముఖ్యత తేల్చకూడదు. ఇద్దరూ రాశారా? రెండు వైపులా లేని మూడోవాడు, చెన్నైలోనో బెంగళూరులోనో ఢిల్లీలోనో కూర్చున్నవాడు రాశాడా? జిల్లా ఎడిషన్ల సంగతీ గుర్తుపెట్టుకోవాలి. 1989లో ఈనాడు జిల్లా అనుబంధాలు మొదలుపెట్టాక ఊరూరి వార్తకూ చోటు దొరికింది. అది మంచిదే. కానీ తిరుపతి ఎడిషన్‌లో అయిదు కాలాలు పట్టిన వార్త కర్నూలు ఎడిషన్‌లో ఒక్క అక్షరం కూడా ఉండకపోవచ్చు. మనం చూసేది మన ఎడిషన్ కాబట్టి ప్రపంచమంతా దాన్నే చదువుతోందనిపిస్తుంది. ఇక మైకుల గుత్తిలో కనిపించే యూట్యూబ్ ఛానెళ్ల లోగోలు ఇరవై ఉన్నా, ఈ తూకంలో వాటి బరువు దాదాపు సున్నా.

దూరం ఒక కొలత అయితే కాలం రెండోది. ఇంగ్లీషు వికీలో పదేళ్ల పరీక్ష అని ఒక మాట ఉంది: పదేళ్ల తర్వాత చదివేవాడికి ఇది ఎందుకో అర్థమవుతుందా? విచిత్రంగా, చాలా చిన్న గొడవలు కూడా దీన్ని గెలుస్తుంటాయి. 2014 ఆగస్టు 28న అప్పటి అమెరికా అధ్యక్షుడు ఒబామా లేత గోధుమ రంగు సూటు వేసుకుని విలేకర్ల ముందుకొచ్చాడు. సిరియా గురించి మాట్లాడుతుంటే ఈ సూటేంటని టీవీల్లో రచ్చ చేశారు. అంతకన్నా పనికిమాలిన వివాదం ఉంటుందా? కానీ ఇంగ్లీషు వికీలో దానికి సొంత పేజీ ఉంది. సూటు గొప్పదని కాదు. తర్వాతి అధ్యక్షుల మీద ఏ గొడవ వచ్చినా "ఒకప్పుడు సూటు రంగు మీద గోల చేశారు, గుర్తుందా" అని విలేకర్లు ఏళ్ల తరబడి దాన్నే ఎత్తుతూ వచ్చారు. గొడవ చచ్చిపోయినా, దాన్ని తలుచుకోవడం మాత్రం ఒక ఆచారంగా మిగిలింది. ఆ తలుచుకోవడానికే పేజీ. మా కూడలిని పన్నెండో రోజు తర్వాత తలుచుకున్నది ఆ రిటైర్డ్ టీచరు ఒక్కరే.

సరే, ప్రాముఖ్యత కొంత ఉందనే అనుకుందాం. అప్పుడు కూడా వేరు పేజీ కావాలా అన్న ప్రశ్న మిగిలే ఉంటుంది, తికమక ఎక్కువగా వచ్చేదీ ఇక్కడే. ఒక సంగతి విజ్ఞాన సర్వస్వంలో ఉండాలా అన్నది ఒకటి, దానికి వేరు కుంపటి పెట్టాలా అన్నది ఇంకొకటి. ఉమ్మడి ఇంట్లో ఒక గది సరిపోయే సంగతికి వేరే ఇల్లు కట్టిస్తే ఏమవుతుంది? తల్లి పేజీలో, అంటే ఆ సంగతి ఏ పెద్ద విషయంలో భాగమో దాని పేజీలో, నాలుగు వాక్యాలు దక్కాల్సిన గొడవ వేరు పేజీలో నలభై వాక్యాలకు ఉబ్బుతుంది. ఖాళీ ఉంటే నింపబుద్ధవుతుంది కదా. ఇంకా దారుణం ఏమిటంటే, తల్లి పేజీలో తన వాదన నెగ్గించుకోలేనివాడే చాలాసార్లు ఈ వేరు కుంపటి పెడతాడు. అక్కడ తటస్థంగా రాయమని నలుగురు పట్టుబడితే, ఇక్కడ తనొక్కడే రాజు.

మా జిల్లా పేరే తీసుకోండి. 2022 జనవరిలో కొత్త జిల్లాల ముసాయిదా వచ్చినప్పుడు తిరుపతి కేంద్రంగా ఉన్న జిల్లాకు శ్రీ బాలాజీ అని పేరు పెట్టారు. ఏప్రిల్ 4న జిల్లా ఏర్పడేనాటికి అది తిరుపతి జిల్లా అయింది. మధ్యలో మా వీధి అరుగుల మీద చాలా చర్చ నడిచింది. బాలాజీ అనేది ఉత్తరాది వాళ్ల పిలుపు, మనకు వెంకన్న, ఏడుకొండలవాడు గదా అని ఒకాయన రోజూ ఊగిపోయేవాడు. ఇది చిన్న సంగతే, ఆసక్తికరమైందే, నూటికి నూరుపాళ్లు రాయదగ్గదే. కానీ దాని చోటు తిరుపతి జిల్లా పేజీలో ఒకటి రెండు వాక్యాలు. అంతకు మించి పెడితే పేజీ పేరు మీదికన్నా మా అరుగు మీదికి పోతుంది.

తిరుమల వేయికాళ్ల మండపం సంగతి వేరు. గుడి ఎదుట ఉన్న విజయనగర కాలపు మండపాన్ని 2003లో కూల్చేశారు. ఆందోళనలు, కోర్టులు, రాజకీయం అన్నీ నడిచాయి. ఇరవై ఏళ్లు దాటినా ఆ మాట ఎత్తితే మా ఊళ్లో ముసలివాళ్ల గొంతు మారుతుంది. దీనికి పేజీ ఉండాలి. అయితే కూల్చివేత వివాదానికి కాదు, మండపానికి. ఎవరు కట్టారు, ఎలా ఉండేది, ఏ ఉత్సవాలకు వాడేవారు, ఎందుకు కూల్చారు, ఎవరు అడ్డుపడ్డారు అనేవన్నీ ఒక్కచోట చదివినప్పుడే గొడవ బరువు తెలుస్తుంది. మండపాన్ని వదిలేసి కూల్చివేతను మాత్రమే రాస్తే పోయింది ఏమిటో తెలియదు.

మూడో రకం కూడా మా కొండ మీదే దొరుకుతుంది. 2020 డిసెంబరులో టీటీడీ ఒక పండితుల కమిటీ వేసింది. 2021 ఏప్రిల్ 21న, శ్రీరామనవమి నాడు, ఆంజనేయుడు పుట్టింది తిరుమల అంజనాద్రిలోనే అని ప్రకటించింది. హంపి దగ్గర ఆనెగుందిలోని అంజనాద్రే జన్మస్థలమని నమ్మే కర్ణాటక వాళ్లు ఒప్పుకోలేదు. ఆ మే నెలలో తిరుపతి సంస్కృత విశ్వవిద్యాలయంలో రెండు పక్షాలూ ఎదురెదురుగా కూర్చుని వాదించుకున్నాయి, తేలలేదు. మరుసటి ఏడాది ఆకాశగంగ దగ్గర టీటీడీ భూమిపూజ చేసింది. నాసిక్ వైపు వాళ్లు తమ అంజనేరి పేరు ఎత్తారు. ఇప్పుడు దీన్ని ఏ పేజీలో పెట్టాలి? తిరుమల పేజీలో పెడితే ఆనెగుంది పక్షం మూలన పడుతుంది. ఆనెగుంది పేజీలో పెడితే మనది పడుతుంది. హనుమంతుడి పేజీలో పెడితే రామాయణం పక్కకు పోయి రాష్ట్రాల తగాదా పైకి వస్తుంది. ఏ తల్లి ఇంట్లోనూ ఇమడని పిల్ల ఇది. వేరు పేజీ పెట్టాల్సిన అసలు సందర్భం ఇదే అంటాను నేను. గొడవ పెద్దదా చిన్నదా అని చూసి కాదు, దాన్ని న్యాయంగా మోయగలిగిన తల్లి పేజీ ఒక్కటీ లేదు కాబట్టి.

పెద్ద గొడవకు ఇంత తర్కం అక్కర్లేదు. 2024 సెప్టెంబరులో లడ్డూ నెయ్యి మీద ఆరోపణలు వచ్చాయి. అక్టోబరులో సుప్రీంకోర్టు సీబీఐ, రాష్ట్ర పోలీసు, ఆహార భద్రతా సంస్థల అధికారులతో అయిదుగురి దర్యాప్తు బృందాన్ని వేయించింది. దానికి వేరు పేజీ పెడతానంటే కాదనేవాళ్లుండరు. పైగా పెట్టకపోతేనే నష్టం. 2009లో భౌగోళిక గుర్తింపు తెచ్చుకున్న లడ్డూకు దాని చరిత్ర, పోటు (గుడి వంటశాల), దిట్టం (సరుకుల కొలత) చాలా ఉన్నాయి. దర్యాప్తు వివరాలన్నీ అక్కడే కుక్కితే ఆ పేజీలో లడ్డూ మిగలదు.

దూరం నుంచి ఎవరైనా రాశారా అన్న కొలత మన జిల్లాల వాళ్లకు అన్యాయం చేయదా అని మీరడగొచ్చు. అడగాల్సిన ప్రశ్నే. చిత్తూరు మామిడి రైతు గోడు ఢిల్లీకి వినపడేది పంట రోడ్డు మీద పారబోసినప్పుడే. 2025 జూన్‌లో తోతాపురి మామిడి ధర పడిపోయినప్పుడు గుజ్జు ఫ్యాక్టరీల ముందు ట్రాక్టర్లు రోజుల తరబడి నిలబడ్డాయి. కిలోకు ఫ్యాక్టరీలు 8 రూపాయలివ్వాలని, ప్రభుత్వం 4 రూపాయలు కలుపుతుందని అన్నారు. కర్ణాటక తోతాపురి చిత్తూరు జిల్లాలోకి రాకూడదని అధికారులు ఉత్తర్వు ఇస్తే, అక్కడి ముఖ్యమంత్రి మన ముఖ్యమంత్రికి ఉత్తరం రాశాడు. ఇది పెళ్లి సంబంధాలు చెడగొట్టే బోర్డు గొడవ కాదు, వేల ఇళ్ల పొయ్యి సంగతి.

దీనికి వివాదం పేరుతో పేజీ పెడదామని ఒక మిత్రుడు అన్నాడు. తల్లి పేజీ ఏదని అడిగాను. వెతికాం. చిత్తూరు జిల్లా పేజీలో మామిడి గురించి ఉన్నది కొంచెమే. గుజ్జు పరిశ్రమ గురించి, తోట గుత్తకిచ్చే పద్ధతి గురించి, ధర ఎవరు ఎలా తేలుస్తారన్న దాని గురించి సరైన పేజీ మాకు కనపడలేదు. చిన్న వికీల జబ్బు ఇదే. ఇల్లు కట్టకముందే ఇంటి గొడవ రాస్తాం. వివాదం వేడిగా ఉంటుంది, మూలాలు చేతికి అందుతాయి, గంటలో పేజీ తయారు. తోతాపురి సాగు గురించి రాయాలంటే పుస్తకాలు తిరగెయ్యాలి, వ్యవసాయ విశ్వవిద్యాలయం ప్రచురణలు వెతకాలి. కానీ ఆ పేజీ ఉంటే 2025 గొడవ అందులో ఒక విభాగంగా సహజంగా కూర్చుంటుంది. వచ్చే ఏడాది మళ్లీ ధర పడితే దాని పక్కనే ఇంకో పేరా పడుతుంది. అప్పుడు అది ఏటేటా వచ్చే జబ్బని చదివేవాడికి తెలుస్తుంది. విడిగా రాస్తే ప్రతిసారీ కొత్త వింతలా ఉంటుంది. మా మిత్రుడు విసుక్కున్నాడు గానీ, ఇప్పుడు ఆ సాగు పేజీయే రాస్తున్నాడు. నిదానంగా.

పేజీ పేరు గురించి ఒక ముక్క. "వివాదం" అని పేరులో పెట్టగానే సగం తీర్పు ఇచ్చేసినట్టే. "కుంభకోణం" అంటే పూర్తి తీర్పు. పాపం ఆ ఊరు, తమిళనాడులో గుళ్లూ గోపురాలతో బుద్ధిగా ఉండే ఊరి పేరును మనం మోసానికి పర్యాయపదం చేసుకున్నాం. "ఉదంతం", "ఘటన" లాంటి మాటలు కొంచెం చల్లగా ఉంటాయి. పేరులో వేడి లేకుండా నిలబడలేని పేజీ అసలు నిలబడదని నా అనుభవం.

ఒక్కోసారి మాత్రం పేజీని తీసేయించాలని చూడటమే దానికి ప్రాముఖ్యత తెచ్చిపెడుతుంది. 2013లో ఫ్రాన్స్ నిఘా సంస్థ ఒక సైనిక రేడియో కేంద్రం గురించిన పేజీ వద్దని ఒక వికీ వాలంటీరును పిలిపించి, అతని చేతే తీయించింది. కొద్ది రోజుల్లో ఫ్రెంచి వికీలో అందరికన్నా ఎక్కువ మంది చదివిన పేజీ అదే అయింది. మన దేశంలో 2024లో ఏఎన్ఐ వార్తాసంస్థ, తన గురించిన పేజీలో పరువు తీసే రాతలున్నాయని, వికీపీడియాను నడిపే వికీమీడియా ఫౌండేషన్ మీద ఢిల్లీ హైకోర్టులో 2 కోట్ల రూపాయల దావా వేసింది. ఆ దావా మీద ఇంగ్లీషు వికీలో ఇంకో పేజీ పుట్టింది. వికీ తన కేసు మీద తానే పేజీ పెట్టుకోవడం కొంచెం సొంత డబ్బాలా ఉందని నాకూ అనిపించింది. అక్టోబరులో హైకోర్టు దావా మీది ఆ పేజీని తీసేయమంది, తీసేశారు. 2025 మేలో సుప్రీంకోర్టు ఆ ఆదేశాన్ని కొట్టేసింది. ఈ లోపల దేశమంతా దాని మీద వ్యాసాలు, చర్చలు. పేజీ పుట్టిననాడు ఉన్న సందేహం, పేజీ తీసేసిననాటికి లేకుండా పోయింది.

మనుషుల సంగతికొస్తే నియమం ఇంకా కఠినం. 2005లో ఒక అమెరికన్ పాత్రికేయుడు, జాన్ సీగెన్‌థాలర్, కెనెడీ హత్యలో అనుమానితుడని ఎవరో సరదాకు రాసింది నాలుగు నెలలు వికీలో అలాగే ఉండిపోయింది. ఆ రచ్చ తర్వాతే బతికున్న మనుషుల గురించి రాసేటప్పుడు పాటించాల్సిన పద్ధతులు గట్టిపడ్డాయి. అందులో ఒకటి: ఒకే ఒక్క సంఘటనతో వార్తల్లోకి వచ్చిన మామూలు మనిషికి పేజీ పెట్టకూడదు, వీలైతే పేరూ ఎత్తకూడదు. నాయకుడు వేరు, మైకు ముందుకు తనే వచ్చాడు. బ్రష్షు పట్టుకున్నవాడు రోజుకూలీకి వచ్చాడు. పేపరు మర్నాటికి పొట్లం అవుతుంది. వికీ పేజీ అలా కాదు, ఎవరు ఆ పేరు వెతికినా ముందు అదే లేచి నిలబడుతుంది.

టీ కొట్టు దగ్గర ఆ కుర్రాడు కలిసిన మర్నాడు, నా పేజీకి ఉండే చర్చ పేజీలో నేనే ప్రతిపాదన పెట్టాను: దీన్ని తిరుపతి వీధుల పేర్ల మీద ఒక పేజీ రాసి అందులో విలీనం చేద్దాం, ఆ కుర్రాడి పేరు వెంటనే తీసేద్దాం. ముగ్గురు వచ్చారు. ఒకరు సరేనన్నారు. ఇంకొకరు, పద్నాలుగు మూలాలున్న పేజీని తీసేస్తే రేపు ఎవరూ రాయడానికి ముందుకు రారని బాధపడ్డారు, ఆ మాటలో నిజం లేకపోలేదు. మూడో ఆయన ఏమీ వాదించకుండా, మూలాల్లో లింకులు చాలావరకు చచ్చిపోయాయని, పేపరు తేదీ, పేజీ సంఖ్య వేసి ఉంటే బాగుండేదని చెప్పి వెళ్లాడు. చూస్తే పద్నాలుగులో తొమ్మిది తెరుచుకోలేదు.

వీధుల పేజీకి నెలన్నర పట్టింది. గాంధీ రోడ్డు, తిలక్ రోడ్డు, కోనేటి కట్ట, మాడ వీధుల దగ్గర మొదలుపెట్టాను. మా కూడలికి అందులో మూడు వాక్యాలు దక్కాయి, ఎవరి పేరూ లేకుండా. పాత పేజీ ఇప్పుడు దారిమార్పు మాత్రమే, తెరిస్తే నేరుగా వీధుల పేజీకి తీసుకెళ్తుంది. వెతుకులాటలో అతని పేరుకు ఆ పాత శీర్షిక ఇంకా కొన్ని వారాలు వస్తూనే ఉంది, దానికి నేను చేయగలిగింది ఏమీ లేకపోయింది. ఆ సంబంధం కుదరలేదని తర్వాత తెలిసింది. వేరే కారణమని అతనే అన్నాడు, నా మొహం చూసి అన్నాడేమో.

మొన్న స్టేషన్ దగ్గర ఆటో ఎక్కి ఆ కూడలి పేరు చెప్పాను. మొదటి వర్గం పెట్టిన పేరు చెబితే డ్రైవరుకు తెలియలేదు. రెండో వర్గం పిలిచే పేరు చెప్పాను. కాసేపు ఆలోచించి, "ఓ, పాత టాకీసు కాడనా సామీ? అట్ల చెప్పకూడదా" అని బండి స్టార్ట్ చేశాడు.